ఏడాది కాగితం తలుపెక్కకముందు

రుసె పట్టణంలో నది వైపు వీధిలో, మూడో అంతస్తు వాటాలో కాపురముంటున్న, కీర్తిశేషులు ద్రాగన్ రాల్చెవ్ గారి కుమారుడు, డెబ్బై ఎనిమిదేళ్ళ వయసు గలవాడు, వేషాలు వేసి బతికినవాడు అయిన స్తామెన్ రాల్చెవ్ అను నేను నా చేత్తో రాసుకున్న వీలునామా.

ఇలాంటి కాగితాల్లో ముందుగా మతి స్థిమితంగా ఉందని రాయాలట. అంతకంటే ముందు రాయవలసిన సంగతి నాకొకటి ఉంది. నేను బతికే ఉన్నాను. మా వీధి తలుపు మీద, ఎదురుగా ఉన్న చెట్టు మీద, బస్సు ఆగేచోట, రొట్టెల కొట్టు గోడ మీద నల్ల అంచు కాగితంలో నా బొమ్మ చూసినవారు ఈ మాట రెండుసార్లు చదువుకోవాలి. ఆ తర్వాతి సంగతి: నా మతి స్థిమితంగానే ఉంది, ఎవరి బలవంతమూ ప్రోద్బలమూ లేదు, పొద్దున్నుంచి తాగింది కాఫీ మాత్రమే. చేతిరాత వీలునామాకు సాక్షులు అక్కర్లేదని మా చట్టం. అయినా ఇద్దరిని ఎదురుగా కూర్చోబెట్టుకుని రాస్తున్నాను. వీడు రాస్తుండగా కళ్ళారా చూశామని చెప్పేవాళ్ళు నాకు కావాలి. చచ్చినవాడు రాసిన వీలునామా చెల్లదు కదా.

ఒకటి. నా స్వార్జితమైన సదరు వాటా, అందులోని మంచాలు, బల్లలు, నది కనబడే కిటికీతో సహా, నా భార్య జ్లాతా జీవితాంతం అనుభవించాలి. ఆమె తదనంతరం ఆమె చెల్లెలి కూతురు కలీనాకు సర్వహక్కులతో దఖలు. మాకు పిల్లలు లేరు. మందుల షాపులో పొద్దస్తమానం నిలబడి, సాయంత్రం మా ఇంటికి వచ్చి పెద్దమ్మకు తల దువ్వేది ఈ పిల్లే. ఈ వీలునామా అమలు జరిపే బాధ్యత కూడా కలీనాదే. దాని నోరు మంచిది కాదు. అందుకే దాన్ని ఎంచుకున్నాను.

ఈ ఇల్లు కథానాయకుడి వేషాలు వేసి కొన్నది కాదు. నాకు ఎవరూ నాయకుడి వేషం ఇవ్వలేదు. పిండిమర యజమాని, బే అనిపించుకునే తుర్కు దొర, జర్మన్ కల్నలు, తాగుబోతు పశువుల డాక్టరు, పల్లెటూరి పాదిరీ, పిల్లల బొమ్మల సినిమాలో ఎలుగుబంటి గొంతు. సినిమా అయితే సినిమా, టీవీ అయితే టీవీ, పిలిస్తే రైలెక్కి రాజధాని సోఫియాకు పోయేవాణ్ణి. నా మొహం తెలియని ఇల్లు ఈ దేశంలో లేదు, నా పేరు తెలిసిన ఇల్లు పది ఉంటే గొప్ప. ఒకసారి సంతలో మిరపకాయలమ్మే ఆవిడ నన్ను చూసి దవడ పట్టుకుంది. "అమ్మో, ఆ పళ్ళ డాక్టరు నువ్వే కదూ! మత్తియ్యకుండా ఆ పిల్లోడి పన్ను పీకేశావు, నీ చేతులు పడిపోనూ!" అంది. అని, తూచకుండానే సంచి నిండా మిరపకాయలు పోసింది. నాకు వచ్చిన బిరుదుల్లో నేను నిజంగా సంతోషించింది దానికే.

రెండు. మంచం కింద అట్టపెట్టెలో ఉన్న మీసాలు, గడ్డాలు, రెండు వరసల పెట్టుడు పళ్ళు (వేషాలవి మాత్రమే, నావి నాతో వస్తాయి) మా ఊరి బొమ్మలాటవాళ్ళకు ఇవ్వాలి. బే మీసం మాత్రం తీసి పక్కన పెట్టాలి. దాని సంగతి చివర ఉంది.

మూడు. బీరువా మీద వెండి చట్రంలో ఉన్న నా ఫోటో. దీన్ని ఎవరికీ ఇవ్వడం లేదు. దీన్ని చింపాలి.

ఎందుకో రాస్తాను. మా పనిలో ఒక ఆచారం ఉంది. కథలో మనిషి పోయాడని చూపించడానికి నటుడి ఫోటోకు నల్ల రిబ్బను కడతారు. షాట్ అయిపోగానే, దీపాలు ఆర్పకముందే, ఆ ఫోటోను అతని కళ్ళెదుట నాలుగు ముక్కలు చేస్తారు. శవపేటికలోంచి లేచినవాడు మొదటి గ్లాసు రకియా, అంటే మా పళ్ళ సారా, తాగుతాడు, మిగతావాళ్ళు ఆ తర్వాతే గొంతు తడుపుకుంటారు. నవ్వుకునేవాళ్ళు నవ్వుకోండి. నేను తెర మీద కత్తికి చచ్చాను, తుపాకికి చచ్చాను, విషజ్వరంతో చచ్చాను, పిండిమర చక్రం కింద పడి చచ్చాను. దేవుడు లేడని ఉపన్యాసాలిచ్చే పార్టీ మనుషులు కూడా ఈ ఒక్క ఆచారం తప్పించలేదు.

నిరుడు వేసవిలో 'దున్నల రేవు' సీరియల్లో ఇల్యా తాత చచ్చిపోయాడు. ఇల్యా తాత నేనే. నిర్మాత దెలియన్ ఫోటో కోసం ఒక అమ్మాయిని మా ఇంటికి పంపాడు. నేను ఇంట్లో లేను. జ్లాతా తన చేత్తో ఈ ఫోటో తీసి ఇచ్చింది. నా అరవయ్యో పుట్టినరోజుకు బల్చిక్ సముద్రపొడ్డున ఆమె తీసిందే. ఎవరి వేషంలోనూ లేకుండా నేను నేనుగా ఉన్న ఫోటో మా ఇంట్లో ఇదొక్కటే.

షాట్ అయ్యాక పెట్టెలోంచి లేచి కూర్చుని, ఫోటో చింపమన్నాను. దెలియన్ పగలబడి నవ్వాడు. "చింపి ఏం లాభం బాబాయ్? కంప్యూటర్లో ఉందిగా!" అన్నాడు. రకియా తెచ్చినవాడు కూడా లేడు. కాగితం గ్లాసులో పండ్లరసం పోసి ఇచ్చారు. ఆ రోజు చింపని ఫోటో పట్టుకుని ఇంటికి వస్తుంటే నా ఒంట్లోంచి చలి పోలేదు, ఎండాకాలమైనా.

అక్టోబరులో ఆ భాగం టీవీలో వచ్చింది. ఆ వారమే ఊరంతా కాగితాలు వెలిశాయి. నల్ల అంచు, శిలువ, మధ్యలో బల్చిక్ నాటి నా నవ్వు, కింద "మన ఇల్యా తాత మనల్ని విడిచి వెళ్ళారు" అని. సీరియల్ పేరు చీమ తలకాయంత అక్షరాల్లో. పోయినవాళ్ళ కాగితాన్ని వాళ్ళు ఉండిన ఇంటి తలుపు మీద అంటించడం మా దగ్గర ఆనవాయితీ. నలభయ్యో రోజున, మూడు నెలలకు, ఆర్నెల్లకు మళ్ళీ కొత్తది వేస్తారు, ఏడాది కాగితంతో సంతాపం తీరుతుంది. ఇల్యా తాత ఇల్లు చెక్కలతో కట్టిన సెట్టు, అది ఎప్పుడో ఊడదీశారు. అందుకని దెలియన్ పంపిన కుర్రాళ్ళు నా ఇంటి తలుపు మీద అంటించారు. పని శ్రద్ధగానే చేశారు, నాలుగు మూలలా జిగురు పూశారు.

జ్లాతా మా నాటకశాలలో ప్రాంప్టరు. రంగస్థలం ముందు చిన్న గూట్లో కూర్చుని, మేం మరచిన మాటలు పెదవి కదిలీ కదలకుండా అందించేది. ఊళ్ళో నటులందరి మతిమరుపునూ ముప్పై ఏళ్ళు మోసిన మనిషికి, కొన్నేళ్ళ కిందట సొంత మతిమరుపు మొదలైంది. ఆ రోజు ఆమె తలుపు మీది పేరు చదవలేదు. మొహం చూసింది. పైకి వచ్చి, చావింట్లో చేసినట్టు అద్దానికి దుప్పటి కప్పి, నల్లబట్టలు కట్టుకుంది. నేను ఉల్లికాడల సంచితో వచ్చి తలుపు తడితే, తీసి, చాలాసేపు నా మొహంలోకి చూసి మర్యాదగా అడిగింది.

"రండి. మిమ్మల్ని నాటకం కంపెనీవాళ్ళు పంపారా, మా ఆయన వేషానికి?"

"నేనే జ్లాతా, స్తామెన్ని" అన్నాను.

"బావుంది, గొంతు బాగా పట్టారు. కానీ మా ఆయన మొదట టోపీ తీసేవాడు కాదండీ. ముందు కోటు. మళ్ళీ బయటికెళ్ళి రండి."

వెళ్ళి మళ్ళీ వచ్చాను. ముందు కోటు తీశాను. నేను స్తామెన్నే అని వాదించిన రోజుల్లో, చచ్చిన మొగుణ్ణి ఎవడో వెక్కిరిస్తున్నాడని ఆమె గోడకు తల ఆనించి ఏడ్చింది. అందుకని వాదించడం మానేశాను. అప్పటినుంచీ రోజూ సాయంత్రం నాలుగింటికి బయటికి పోయి, తలుపు తట్టి, నా ఇంట్లోకి నా వేషంలో వస్తున్నాను. తప్పు చేస్తే ఆమె అందిస్తుంది. నా జన్మలో నాకు దొరికిన నాయకుడి వేషం ఇదొక్కటే, దాంట్లో కూడా నేను అసలువాణ్ణి కాను.

నాలుగు. కింది వాటా త్సోనా అవ్వకు మా పింగాణీ చక్కెర డబ్బా. నలభయ్యో రోజు కాగితం పడ్డప్పుడు ఆవిడ పోయినవాళ్ళకు పెట్టే ఉడికించిన గోధుమలు గిన్నెడు తెచ్చి నా చేతిలోనే పెట్టింది. నేను బతికున్నానే అవ్వా అంటే, "నువ్వున్నావని నాకు తెల్సు నాయనా. కాగితం పడ్డాక వండకపోతే ఎట్టా? ఆ పైవాడు కూడా కాగితాలే చూస్తాడేమో, ఎవరికి తెల్సు!" అంది. నా కర్మ గోధుమలు నేనే కూర్చుని తిన్నాను. చక్కెర తక్కువైంది. అందుకే ఈ డబ్బా.

ఐదు. నా గోధుమరంగు బూట్లు మూల మీది చెప్పులు కుట్టే అతనికి. మడమ వేయమని ఇస్తే వెనక్కి తోసి, "పోయినాయన బూట్లు నేను కుట్టను తాతా, ఏమీ అనుకోకు" అన్నవాడు. ఆ మాట నా మొహం మీదే అన్నాడు, నేను ఆ బూట్లలోనే నిలబడి ఉండగా. ఇప్పుడు కుట్టుకోమనండి.

ఆరు. దెలియన్‌కు సంబంధించినది. కలీనా దీన్ని వకీలుకు చూపించాలి.

మూడు నెలల కాగితం వేశాడు. ఆర్నెల్ల కాగితం వేశాడు. వాటి మధ్య వానకు పాతది ఊడిపోయి తలుపు ఖాళీగా ఉన్న రోజుల్లో, జ్లాతా ఒక్కోసారి నల్లబట్టలు మరచిపోయేది. ఏప్రిల్లో ఒక పొద్దున పొయ్యి దగ్గర నిలబడి, తల తిప్పకుండానే, "స్తామెన్, కిటికీ వెయ్యి, చలేస్తోంది" అంది. నాతోనే అంది. నేను కిటికీ వేసి, దాని పిడి పట్టుకుని అక్కడే ఉండిపోయాను, వెనక్కి తిరిగితే మొహం చూసి మళ్ళీ మరచిపోతుందేమోనని. ఆ సాయంత్రమే ఆర్నెల్ల కాగితం తలుపెక్కింది. ఆ తర్వాత ఆమె నన్ను పేరు పెట్టి పిలవలేదు. ఇందుకు దెలియన్‌ను నేను క్షమించను. పాదిరీ చెప్పినా క్షమించను.

పోయి అడిగాను. "మీ పేరు లేదుగా బాబాయ్, ఇల్యా పేరేగా! జనం పూలు పెడుతున్నారు, దీపాలు పెడుతున్నారు. ఇంతకంటే ఏ నటుడికి దక్కింది చెప్పండి?" అన్నాడు. కాగితాలు గీకి తీశాను. తెల్లారేసరికి కొత్తవి. ఈలోగా నా ఊపిరితిత్తుల్లో ఉన్నదాన్ని డాక్టరు ఎక్స్‌రే ఫిల్మ్ మీద చూపించి, ఆకులు రాలేదాకా ఉంటావన్నాడు. ఆ సంగతి దెలియన్‌కు ఎవరు చేరవేశారో, ద్రాక్షపళ్ళు పట్టుకుని వచ్చాడు. "మిమ్మల్ని సాగనంపడానికి ఎలాగూ జనం వస్తారు బాబాయ్. కెమెరా ఒక్కటే, చిన్నది, ఓ మూల పెట్టుకుంటాం. మీకు అడ్డం ఉండదు" అన్నాడు. అడ్డం ఉండదట! పోతూ పోతూ ఏడాది కాగితం అచ్చు ఎలా వచ్చిందో చూడమని కుర్చీ మీద పెట్టి పోయాడు. వచ్చే అక్టోబరుకు, అంటే ఆకులు రాలే వేళకు సరిగ్గా.

నేను దాచేలోపు జ్లాతా ఆ కాగితం చూసింది. చదివి మడిచి, నాకు కాఫీ పోస్తూ చెప్పింది. "ఏడాది కాగితం తలుపు మీద పడగానే నల్లబట్టలు తీసేస్తానండీ. ఇంక మీరు శ్రమపడి రానక్కర్లేదు. చాలా బాగా చేశారు, కంపెనీవాళ్ళకు నేనే చెబుతాను."

మిగిలిన ప్రపంచానికి ఇది తెలియదు కాబట్టి రాస్తున్నాను. నా భార్య ఎదురుగా ఆ వేషం కూర్చుంటేనే ముద్ద ముట్టుకుంటుంది. ముందు నేను మాత్ర వేసుకుంటేనే తను వేసుకుంటుంది. కలీనా పెడితే, "ఆయన రానీ" అని కంచం దూరం జరుపుతుంది. ఆ మనిషికి సెలవిచ్చేసిన రోజున ఈ ఇంట్లో తలుపు తీసేవాళ్ళు ఉండరు, తినేవాళ్ళూ ఉండరు. ఆమెకు నెలలు తెలియవు, ఋతువులు తెలియవు. కాలం ఎంత గడిచిందో ఆమెకు చెప్పేది ఆ తలుపు మీది కాగితమే. కాబట్టి ఏడాది కాగితం మా తలుపెక్కకూడదు. ఎన్నటికీ ఎక్కకూడదు.

ఇందుమూలంగా నా ముఖం, నవ్వు, గొంతు, శవం, వీటిపై సర్వహక్కులూ కలీనాకు దఖలు పరుస్తున్నాను. వాటిలో దేన్ని కాగితం మీదగానీ, కంప్యూటర్లోగానీ, కెమెరాతోగానీ వాడినా, దెలియన్‌ను కోర్టుకు ఈడ్చాలి. మూడో అంశంలోని ఫోటోను దెలియన్ కళ్ళెదుట నాలుగు ముక్కలు చేసి, సముద్రం ఉన్న ముక్క అతనికివ్వాలి. నవ్వు ఉన్న ముక్క నా జేబులో పెట్టి పంపాలి.

ఏడు. నేను పోయినప్పుడు కాగితం వేయకూడదు. తలుపు మీద, చెట్టు మీద, గుడి గోడ మీద, ఎక్కడా వేయకూడదు. ఊరు ఆడిపోసుకుంటుంది, కుక్క చచ్చినట్టు పూడ్చారంటుంది. అననీ. పెందలాడే, సంతకు బళ్ళు రాకముందే తీసుకుపోవాలి. ఇంట్లో అద్దం కప్పకూడదు, కలీనా పెద్దమ్మ ముందు నల్లబట్టతో తిరగకూడదు, కళ్ళు వాచి ఉంటే ఉల్లిపాయలు తరిగానని చెప్పాలి. జ్లాతా నాకోసం ఒకసారి ఏడ్చేసింది. ఆ ఏడుపు ఎలా ఉంటుందో నేను చూశాను, దాన్ని మళ్ళీ ఎవరూ ఆమెకు తేవద్దు. మొదటి గ్లాసు రకియా మట్టిలో పోయండి, నిరుడు నాకు పోయనిది.

ఎనిమిది. మెతోది గున్చెవ్‌కు బే మీసం, నా కోటు, టోపీ, మా ఇంటి తాళంచెవి, ఇంకా నా వేషం.

మెతోది ఎవరో ఈ తరానికి తెలియదు. రుసె నాటకశాలలో నాకు బదులు నటుడు. నాకు జబ్బు చేస్తే నా వేషం కట్టడమే అతని ఉద్యోగం. ఇరవై రెండేళ్ళు తెర పక్కన నిలబడ్డాడు, నాకు జబ్బు చేయలేదు. ఒకసారి మాత్రం జ్వరంతో ఆసుపత్రిలో పడ్డాను. మెతోది బే దుస్తులు వేసుకుని, రంగు పూసుకుని, మీసం అంటించుకుని, వాళ్ళమ్మను మొదటి వరసలో కూర్చోబెట్టాడట. నేను టాక్సీలో వచ్చి, అతని పెదవి మీది మీసం పీకి నా పెదవికి అంటించుకుని రంగస్థలం మీదికి పోయాను. "ఒరేయ్ స్తామెన్, ఒక్కసారి, ఒక్కసారన్నా కుదురుగా జబ్బుపడి చావవేంట్రా!" అని వెనకనుంచి అరిచాడు. జనం అది నాటకంలో మాటే అనుకుని చప్పట్లు కొట్టారు.

అతనూ ఊరుకోలేదు. నాకు చెవుడొచ్చిందని సోఫియాలో దర్శకులందరికీ ఊది, మంచి సినిమా ఒకటి నా నోటి దగ్గర్నుంచి తప్పించాడు. దాన్ని నేను మరచిపోలేదు, ఈ కాగితంలో క్షమించడమూ లేదు. కానీ నా నడక, నా దగ్గు, నా నసుగుడు ఈ పట్టణంలో అతనికి తెలిసినంతగా ఎవరికీ తెలియదు. ఎప్పుడు పడిపోతానా అని ఇరవై రెండేళ్ళు నన్నే చూసినవాడు మరి.

మెతోదీ, పడిపోయాను. ఇప్పుడు నీ వంతు.

నాలుగింటికి రా. ముందు కోటు, తర్వాత టోపీ. "నది మీంచి గాలి వస్తోంది" అను, ఎండాకాలమైనా సరే. చిక్కుడు గింజల పులుసు మొదటి చెంచా నువ్వు తాగు, ఉప్పు ఎక్కువైనా మొహం చిట్లించకు. మాత్ర బదులు పిప్పరమెంటు బిళ్ళ ముందు నువ్వు వేసుకో. మాట మరచిపోతే కంగారు పడకు, ఆగు. ఆమె అందిస్తుంది. ఆమె అందించిన మాట తప్పైనా అదే చెప్పు. మొదటి వారం నీ నటన మీద మండిపడుతుంది, నాకంటే నువ్వు తీసికట్టంటుంది. అది నిజమే కాబట్టి ఊరుకో. ఎప్పుడైనా తల తిప్పకుండా, "స్తామెన్, కిటికీ వెయ్యి" అంటే, లేచి కిటికీ వెయ్యి. అక్కడే నిలబడి ఉండు, వెంటనే వెనక్కి తిరగకు.

ఇంకొకటి. గిన్నెలు కడుగుతూ వంటింట్లోంచి ఆమె అప్పుడప్పుడు ఒక ప్రశ్న అడుగుతుంది. "మీకు తెలిసే ఉంటుంది. మా ఆయన పోయేటప్పుడు బాధపడ్డాడాండీ?" లేదమ్మా, నిద్రలోనే పోయారని చెబుతూ వచ్చాను. ఇన్నాళ్ళూ ఏమీ తెలియకుండా చెప్పాను. తెలిసిన రోజున చెప్పడానికి నేను ఉండను. మెతోదీ, ఆసుపత్రిలో నువ్వు నా మంచం పక్కన ఏం చూసినా, ఏం విన్నా, నువ్వూ అదే చెప్పు.

ఇంతవరకు రాసినది నా చేతిరాతే. కొట్టివేతలు లేవు, వేరే వీలునామా లేదు, వేరే నేను కూడా లేను.

రుసె, 2023 సెప్టెంబరు 14, శిలువ పండుగ.

(సంతకం) స్తామెన్ ద్రాగనొవ్ రాల్చెవ్

సాక్షులు:

త్సోనా మిహోవా, కింది వాటా. రాస్తున్నప్పుడు బతికే ఉన్నాడు, నా కళ్ళతో చూశాను. గోధుమల్లో చక్కెర సరిగ్గానే వేశాను.

కలీనా వాసెవా. పెదనాన్న సంతకం చేస్తుంటే పెద్దమ్మ వెనకనుంచి వచ్చి, ఆయన భుజం మీంచి వంగి చూసింది. "అచ్చం మా ఆయన సంతకమే! పాపం, ఎంత కష్టపడి నేర్చుకున్నారో" అంది. పెదనాన్న కలం కింద పెట్టి, లేచి, నాటకం అయిపోయాక వంగినట్టు ఆమెకు వంగారు. నేను చూశాను.